వేట నిషేధం తర్వాత మొరాయించే బోటు మోటారు: కార్బురేటర్‌ను విప్పకుండా అడిటివ్‌తో శుభ్రం చేయడం ఎలా?

తూర్పు తీరంలో ఏటా ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 వరకు 61 రోజుల పాటు మోటారు బోట్ల వేటపై నిషేధం ఉంటుంది. ఆ రోజుల్లో ఫైబర్ తెప్పల అవుట్‌బోర్డ్ మోటార్లను విప్పి ఇంటికి తెచ్చుకుని, స్టాండుకు బిగించి, పైన పట్టా కప్పి ఉంచుతారు. మంచినీటితో కడగడం, గ్రీజు పెట్టడం వంటి పనులు చాలామంది శ్రద్ధగానే చేస్తారు కానీ, కార్బురేటర్ లోపల మిగిలిపోయిన గుక్కెడు పెట్రోలును తీసేయడం మాత్రం మరిచిపోతారు. జూన్ మధ్యలో ఎన్నిసార్లు తాడు లాగినా మోటారు అంటుకోకపోవడానికి, అంటుకున్నా స్లోలో నిలవకపోవడానికి ఎక్కువసార్లు ఆ గుక్కెడు పెట్రోలే కారణం.

కార్బురేటర్ అడుగున ఫ్లోట్ బౌల్ అనే చిన్న గిన్నె ఉంటుంది. అందులో నిలిచిన పెట్రోలులోని తేలికైన భాగం కొన్ని వారాల్లో ఆవిరైపోతుంది. మిగిలిన బరువైన భాగం గాలిలోని ఆక్సిజన్‌తో కలిసి చిక్కబడి, బెల్లం పాకం గిన్నెకు అడుగంటినట్టుగా, గోధుమరంగు బంకగా మారి లోహానికి పట్టేస్తుంది. ఆ గిన్నెలోని పెట్రోలును కొలతగా వదిలే, సన్నని రంధ్రమున్న ఇత్తడి ముక్కలను జెట్లు అంటారు. వేగంగా తిరిగేటప్పుడు పనిచేసే మెయిన్ జెట్ రంధ్రం కొంత పెద్దది కాబట్టి ఆ పొరను కొంతవరకు తట్టుకుంటుంది. స్లోలో తిరిగేటప్పుడు పనిచేసే స్లో జెట్ రంధ్రం మాత్రం చిన్న మోటార్లలో సుమారు అర మిల్లీమీటరే ఉంటుంది. అందుకే ముందుగా మూసుకుపోయేది అదే.

దీనికి తోడు ఇప్పుడు మన బంకుల్లో అమ్మే పెట్రోలులో 20 శాతం వరకు ఇథనాల్ కలుస్తోంది. అవుట్‌బోర్డ్ మోటార్ల తయారీదారులు ఎక్కువగా 10 శాతం ఇథనాల్ వరకే అనుమతిస్తారు కాబట్టి మీ మోటారు పుస్తకంలో ఆ పరిమితి ఎంత ఉందో ఒకసారి చూసుకోండి. ఇథనాల్ గాలిలోని తేమను పీల్చుకుంటుంది, సముద్రపు ఒడ్డున ఆ తేమకు కొదవ లేదు. నీరు హద్దు దాటితే ఇథనాలూ నీరూ కలిసి పెట్రోలు నుంచి విడిపోయి ట్యాంకు అడుగుకు చేరతాయి. ట్యాంకులోని పీల్చే గొట్టం మొన ఉండేది కూడా ఆ అడుగునే. టూ స్ట్రోక్ మోటారు ఉన్నవారు ఇక్కడ మరింత జాగ్రత్తగా ఉండాలి. మీరు కలిపిన టూ టీ ఆయిల్ పైనున్న పెట్రోలులోనే ఉండిపోతుంది, అడుగు పొరలో ఆయిల్ ఉండదు. ఆ పొరను పీల్చుకున్న మోటారు కందెన లేకుండా తిరిగి, పిస్టన్ పట్టేసే ప్రమాదం ఉంది.

బంకను కరిగించే ఫ్యూయల్ అడిటివ్‌తో, కార్బురేటర్‌ను విప్పకుండానే ఈ ఇబ్బందిని చాలావరకు తొలగించుకోవచ్చు. అయితే ఈ పద్ధతిలో శుభ్రం చేసేది మోటారు తిరగడం కాదు, ద్రవం లోపల నానడం. డబ్బా మొత్తం ట్యాంకులో ఒంపి వెంటనే వేటకు బయలుదేరినవారు మందు పనిచేయలేదని అంటారు. అది పనిచేయడానికి వారు సమయం ఇవ్వలేదు.

ముందుగా జబ్బు కార్బురేటర్‌దేనా అని తేల్చుకోండి

అడిటివ్ డబ్బా మూత తీయడానికి ముందు సులువైన కారణాలను పక్కకు పెట్టాలి. ట్యాంకు మూత మీది గాలి స్క్రూ తెరిచి ఉందా, ఆపే తాడు క్లిప్పు (ఊడితే మోటారు ఆగిపోయే క్లిప్పు) దాని స్థానంలో ఉందా, పెట్రోలు పైపు మధ్యలో చేత్తో నొక్కే రబ్బరు బల్బు మీది బాణం గుర్తు మోటారు వైపుకే ఉందా, నొక్కితే బల్బు గట్టిపడుతోందా అన్నవి చూడండి. స్పార్క్ ప్లగ్ తీసి, తడిగా ఉంటే తుడిచి, పాతదైతే మార్చండి. ఇవన్నీ సరిగా ఉన్నా మోటారు మొరాయిస్తుంటే అప్పుడు దాని నడకను గమనించండి.

చోక్ (గాలిని తగ్గించి పెట్రోలు పాలు పెంచే మీట) లాగి ఉంచినంతసేపు తిరిగి, చోక్ లోపలికి నెట్టగానే ఆగిపోతుంటే జెట్ల ద్వారా చాలినంత పెట్రోలు రావడం లేదని అర్థం. రేజ్ చేస్తే బాగానే తిరుగుతూ, చేయి తగ్గించగానే చచ్చిపోతుంటే స్లో జెట్ పూడుకుంది. ఈ రెండు లక్షణాలకూ అడిటివ్ బాగా పనిచేస్తుంది. స్లోలో నిలిచి, థ్రాటిల్ తెరిచినప్పుడు బలం రాకపోతే మెయిన్ జెట్‌ను అనుమానించవచ్చు కానీ, దానికంటే ముందు ఫిల్టరును చూడాలి.

బల్బును ఎవరో ఒకరు నొక్కుతూ ఉంటేనే మోటారు తిరుగుతుంటే అది వేరే జబ్బు. పైపులో ఎక్కడో గాలి పడుతూ ఉండాలి, లేదా ఫ్యూయల్ పంపులోని పొర చిరిగి ఉండాలి. ఈ రెండింటినీ ఏ ద్రవమూ బాగుచేయలేదు. కార్బురేటర్ నుంచి పెట్రోలు బొట్లుగా కారుతుంటే, బౌల్ నిండగానే పెట్రోలు రాకను ఆపే నీడిల్ వాల్వ్ కింద బంక చేరడమో, ఆ వాల్వ్‌ను మూసే తేలుడు ముక్క (ఫ్లోట్) పాడవడమో జరిగి ఉంటుంది. ఆ స్థితిలో మోటారును నడపకండి. వేడి ఇంజను మీద కారే పెట్రోలు తెప్పనే తగలబెట్టగలదు.

అడిటివ్ ఎంపిక, కావలసిన సామగ్రి

ఈ పనికి పడవలవాళ్లలో బాగా తెలిసిన ద్రవం అమెరికాలో తయారయ్యే సీ ఫోమ్. తేలికపాటి నూనె, నాఫ్తా, ఐసోప్రొపైల్ ఆల్కహాల్ కలిసిన ద్రవం అది. మోటారు కంపెనీలు కూడా సొంత పేర్లతో ఇలాంటివి అమ్ముతాయి, యమహా రింగ్ ఫ్రీ, మెర్క్యురీ వారి క్విక్‌సిల్వర్ క్విక్‌లీన్ అటువంటివే. అవి దొరకని చోట, మోటార్‌సైకిల్ విడిభాగాల దుకాణాల్లో పెట్రోలులో కలుపుకునే సిస్టమ్ క్లీనర్లు దొరుకుతాయి. ఏది కొన్నా, దాన్ని పెట్రోలులో కలపవచ్చని డబ్బా మీద స్పష్టంగా రాసి ఉండాలి. టూ స్ట్రోక్ మోటారుకైతే, టూ స్ట్రోక్‌లో వాడవచ్చని కూడా ఉండాలి. కార్బురేటర్ క్లీనర్ స్ప్రే అనేది పూర్తిగా వేరే వస్తువు. విప్పిన లోహ భాగాల మీద కొట్టడానికే దాన్ని వాడాలి తప్ప ట్యాంకులో కలపకూడదు, రబ్బరు భాగాలను అది దెబ్బతీస్తుంది.

మోటారు కాలు మునిగేంత లోతైన డ్రమ్ము, మంచినీరు, నాలుగైదు లీటర్లు పట్టే శుభ్రమైన చిన్న ట్యాంకు, అప్పుడే తెచ్చిన పెట్రోలు, టూ స్ట్రోక్ అయితే ఆయిల్, మిల్లీలీటర్ల గుర్తులున్న పెద్ద సిరంజి, మూత ఉన్న గాజు సీసా, స్క్రూడ్రైవర్, ప్లగ్ స్పానర్, కొత్త ప్లగ్గులు సిద్ధం చేసుకోండి. పెద్ద ట్యాంకులోని పాత పెట్రోలులో అడిటివ్ కలిపి సరిపెట్టుకుందామని అనుకోకండి. అడిటివ్‌లోని ఆల్కహాల్ కొద్దిపాటి తేమను కలుపుకోగలదు కానీ, పొరలుగా విడిపోయిన పెట్రోలును తిరిగి మంచిగా చేయలేదు.

పనిచేసే చోటు ఆరుబయట ఉండాలి. పెట్రోలు ఆవిరి గాలి కంటే బరువైనది కాబట్టి నేలబారుగా పాకి దూరంలో ఉన్న పొయ్యిని కూడా చేరుతుంది. వంట జరిగే పాకకు, బీడీ కాల్చేవారికి దూరంగా డ్రమ్ము పెట్టుకోండి. మూసిన షెడ్డులో మోటారు నడిపితే వచ్చే కార్బన్ మోనాక్సైడ్‌కు రంగూ వాసనా ఉండవు, అది ప్రాణాలు తీస్తుంది.

మొదటి పని: బౌల్‌లోని పాత పెట్రోలు తీయడం

మోటారును నిటారుగా నిలిపి, పైమూత తీసి, ప్లగ్ వైరును పక్కకు లాగి ఉంచండి. కార్బురేటర్ అడుగున బౌల్‌కు ఒక చిన్న డ్రెయిన్ స్క్రూ ఉంటుంది. దాని కింద గాజు సీసా పట్టి, తలకు సరిగ్గా సరిపోయే స్క్రూడ్రైవర్‌తో మెల్లగా వదులు చేయండి. ఇది మెత్తని ఇత్తడి స్క్రూ, తల చెడితే తర్వాత తీయడం కష్టమవుతుంది. రెండు మూడు కార్బురేటర్లు ఉన్న మోటారులో ప్రతి బౌల్‌నూ విడిగా ఖాళీ చేయాలి.

సీసాను వెలుతురులో పెట్టి పావుగంట కదపకుండా ఉంచండి. ఈ చిన్న పరీక్షను దాటవేయవద్దని ప్రత్యేకంగా కోరుతున్నాను, ఎందుకంటే తర్వాత ఏం చేయాలో ఆ సీసానే చెబుతుంది. పెట్రోలు ముదురు టీ రంగులోకి మారి, వార్నిష్ లాంటి ఘాటు వాసన వస్తుంటే అది బంక, అడిటివ్‌కు తగిన పని. అడుగున వేరే పొర గుండ్రంగా కదులుతూ కనిపిస్తే అది నీరు. అలాంటప్పుడు ట్యాంకు, పైపు, ఫిల్టరు మొత్తం ఖాళీ చేసి ఆరబెట్టాలి. తెల్లటి పొడి గానీ ఆకుపచ్చ నలుసులు గానీ దిగితే, ఉప్పునీరు లోపలికి చేరి అల్యూమినియం, ఇత్తడి తినివేతకు గురయ్యాయని తెలుసుకోవాలి. ఆ పొడిని అడిటివ్ కరిగించలేదు. కార్బురేటర్‌ను విప్పక తప్పదు.

తీసిన పాత పెట్రోలును ఇసుకలోనో నీటిలోనో పారబోయకండి. గట్టి మూత ఉన్న డబ్బాలో పోసి మెకానిక్ షెడ్డులో అప్పగించండి.

రెండవ పని: కొలిచి కలపడం

సీ ఫోమ్ వంటి ద్రవానికి డబ్బా మీద సూచించే కొలత, మామూలు వాడకానికి గ్యాలన్‌కు ఒక ఔన్సు, శుభ్రం చేయడానికి గ్యాలన్‌కు రెండు ఔన్సులు. మన లెక్కలో అది లీటరుకు సుమారు 8 మి.లీ., శుభ్రం చేయడానికి 16 మి.లీ. వేరే కంపెనీ ద్రవమైతే దాని డబ్బా మీది కొలతనే పాటించండి, ఒక్కో ద్రవం గాఢత ఒక్కో రకంగా ఉంటుంది.

చిన్న ట్యాంకులో 4 లీటర్ల తాజా పెట్రోలు పోస్తే, శుభ్రం చేసే మోతాదు 64 మి.లీ. అవుతుంది. టూ స్ట్రోక్ మోటారుకు దీనితోపాటు ఆయిల్ తప్పనిసరిగా కలపాలి. 50:1 నిష్పత్తి అడిగే మోటారుకు లీటరుకు 20 మి.లీ. లెక్కన 4 లీటర్లకు 80 మి.లీ. పడుతుంది. అడిటివ్‌లో నూనె ఉంది కదా అని టూ టీ ఆయిల్ తగ్గించడం పెద్ద పొరపాటు. ఆ నూనె బేరింగులను, పిస్టన్‌ను కాపాడేంత బలమైనది కాదు. ముందు సగం పెట్రోలు, తర్వాత ఆయిల్, అడిటివ్, ఆ తర్వాత మిగతా పెట్రోలు పోసి, మూత బిగించి ట్యాంకును బాగా కుదపండి.

మూడవ పని: డ్రమ్ములో నడిపి, ఆపి, నాననివ్వడం

ప్రొపెల్లర్ విప్పేసి మోటారును డ్రమ్ములో దించండి. నీటిమట్టం ప్రొపెల్లర్‌కు పైనున్న అడ్డపు రేకు దాటి ఉండాలి, నీటిని లాగే జాలీలు పూర్తిగా మునగాలి. నీరు లేకుండా మోటారును కొన్ని సెకన్లు కూడా తిప్పకండి. నీటి పంపులోని రబ్బరు ఇంపెల్లర్ నీటితోనే తడిసి, నీటితోనే చల్లబడుతుంది. పొడిగా తిరిగితే రెక్కలు తెగిపోతాయి.

డ్రెయిన్ స్క్రూ బిగించారో లేదో మరోసారి చూసుకుని, ప్లగ్ వైరు తగిలించండి. పైపులో పాత పెట్రోలు ఉంటే దాన్ని కూడా ఖాళీ చేసి, చిన్న ట్యాంకుకు కలిపి, బల్బు గట్టిపడేదాకా నొక్కండి. గేరు న్యూట్రల్‌లో ఉంచి, చోక్ లాగి, తాడు లాగండి. అంటుకున్న వెంటనే మోటారు వెనక నుంచి చల్లబరిచే నీటి సన్నని ధార వస్తోందో లేదో చూడండి. ధార రాకపోతే ఆపేసి ముందు దాని సంగతి తేల్చుకోవాలి.

చోక్‌ను కొద్దికొద్దిగా లోపలికి నెడుతూ, స్లో కంటే కాస్త పైన పది పదిహేను నిమిషాలు తిరగనివ్వండి. డ్రమ్ములో గట్టిగా రేజ్ చేయకూడదు. లోడు లేని మోటారు హద్దు మీరి తిరుగుతుంది, డ్రమ్ములోని నీరూ నురగై చల్లదనం తగ్గుతుంది. అడిటివ్ కలిసిన పెట్రోలు జెట్ల దాకా చేరినప్పుడు పొగ మామూలు కంటే దట్టంగా వస్తుంది, శబ్దం కాసేపు తడబడుతుంది. కరిగిన బంక, కాలిన మసి బయటికి వెళ్లేటప్పుడు జరిగేదే ఇది, కంగారు పడనక్కర్లేదు.

తర్వాత మోటారును స్విచ్చుతోనే ఆపండి. పైపు ఊడదీసి ఆపితే బౌల్‌లోని పెట్రోలు అయిపోతుంది, మనకు కావలసింది బౌల్ నిండా అడిటివ్ కలిసిన పెట్రోలు నిలవడం. ఆపిన తర్వాత బల్బు ఒకసారి మెల్లగా నొక్కి, ఎక్కడా కారడం లేదని చూసుకుని, రాత్రంతా అలాగే వదిలేయండి. కనీసం 12 గంటలు నానాలి. జెట్టు గోడకు అంటుకున్న పొర మెత్తబడేది ఆ గంటల్లోనే. ఉదయం మళ్లీ పది నిమిషాలు నడిపి, మళ్లీ నాననివ్వండి. ఇలా రెండు మూడు విడతలు చేస్తే స్లోలో మిస్సింగ్ తగ్గుతూ రావడం చెవికే తెలుస్తుంది.

మోటారు అసలే అంటుకోకపోతే

అప్పుడు కూడా నానబెట్టే మార్గం ఉంది. బల్బు నొక్కితే చాలు, మోటారు తిరగకపోయినా బౌల్ నిండుతుంది. అయితే బౌల్ నిండినంత మాత్రాన ద్రవం అన్ని చోట్లకూ చేరదు. మెయిన్ జెట్ మునుగుతుంది కానీ, స్లో జెట్ నుంచి పైకి వెళ్లే సన్నని దారులు పెట్రోలు మట్టానికి పైన ఉంటాయి. అందుకే బౌల్ నింపిన తర్వాత ఆపే తాడు క్లిప్పు తీసేసి, చోక్ పూర్తిగా లాగి, స్టార్టర్ తాడును ఐదారుసార్లు నెమ్మదిగా లాగండి. మోటారు పీల్పుతో ద్రవం ఆ దారుల్లోకి ఎక్కుతుంది. ఎక్కువసార్లు లాగితే ప్లగ్గులు తడిసి ఓవర్‌ఫ్లో అవుతుంది.

రాత్రంతా ఉంచి, ఉదయం బౌల్‌ను మళ్లీ గాజు సీసాలోకి దించండి. రంగు ముదిరి ఉంటే బంక కరుగుతున్నట్టే. కొత్తగా నింపి మరో రాత్రి ఉంచండి. రెండో ఉదయం కూడా మోటారులో చలనం లేకపోతే ఇక ఆ ద్రవం మీద డబ్బు పెట్టవద్దు, కార్బురేటర్‌ను దించి శుభ్రం చేయించండి. సొంతంగా విప్పేవారు జెట్టు రంధ్రాన్ని ఇనుప తీగతోనో పిన్నీసుతోనో గుచ్చకూడదు. మెత్తని ఇత్తడి అరిగి రంధ్రం పెద్దదైతే, ఆ తర్వాత మోటారు ఎప్పటికీ పెట్రోలు ఎక్కువ తాగుతుంది. గాలి కొట్టించాలి, లేదా వలకు వాడే సన్నని నైలాన్ పోగును దూర్చాలి.

నాలుగవ పని: నీటి మీద లోడుతో నడపడం

డ్రమ్ములో స్లో కుదిరాక, ప్రొపెల్లర్ బిగించి, మిగిలిన అడిటివ్ పెట్రోలుతోనే ఒడ్డుకు దగ్గరగా, వీలైతే కాలువ మొగలోనో ఏటి నీటిలోనో అరగంట నడపండి. సగం థ్రాటిల్‌తో మొదలుపెట్టి, నెమ్మదిగా పెంచి, కొన్ని నిమిషాలు పూర్తి వేగానికి తీసుకెళ్లి, మళ్లీ స్లోకు తగ్గించండి. మెయిన్ జెట్ దారి శుభ్రపడేది లోడు మీద నడిచినప్పుడే. ఈ మొదటి నడకకు ఒంటరిగా వెళ్లకండి, తెడ్లు తప్పనిసరిగా ఉంచుకోండి. ట్యాంకులో, పైపులో కరిగిన మురికి కదిలి వచ్చి ఫిల్టరును మూసేయవచ్చు కాబట్టి, మోటారు మధ్యలో ఆగిపోయే అవకాశాన్ని ముందే లెక్కలో పెట్టుకోవాలి.

ఒడ్డుకు చేరాక ఫిల్టరు చూసి శుభ్రం చేయండి. ప్లగ్గుల మీద మసి చేరి ఉంటుంది కనుక కొత్తవి వేయండి. ఫోర్ స్ట్రోక్ మోటారులో ఇంజను ఆయిల్‌ను కూడా ఒకసారి తీసి చూడండి. అందులో పెట్రోలు వాసన వస్తుంటే ఆయిల్ మార్చాలి.

వచ్చే ఏప్రిల్‌కు

నిషేధానికి ముందు చివరి వేట నుంచి రాగానే మోటారును డ్రమ్ములో మంచినీటితో నడుపుతూ, పైపు ఊడదీసి దానంతట అదే ఆగేదాకా ఉంచండి. అలా ఆగిన తర్వాత కూడా బౌల్ అడుగున కొంత పెట్రోలు మిగులుతుంది, బంక కట్టేది అదే కాబట్టి డ్రెయిన్ స్క్రూ తెరిచి దాన్ని కూడా దించేయాలి. ఈ ఒక్క పని చేసినవారికి జూన్‌లో అడిటివ్ అవసరం చాలావరకు రాదు. ట్యాంకును కూడా ఖాళీ చేయడం మంచిది. ఖాళీ చేయలేకపోతే తాజా పెట్రోలుతో దాదాపు నింపి, నిల్వలో పెట్రోలు చెడకుండా కాపాడే స్టెబిలైజర్ ద్రవాన్ని డబ్బా మీది కొలత ప్రకారం కలిపి, ఆ కలిపిన పెట్రోలుతో మోటారును పది నిమిషాలు నడిపిన తర్వాతే పైపు తీయాలి. సగం నిండిన ట్యాంకులో మిగతా సగం తేమగాలే ఉంటుంది.

శుభ్రం చేయగా మిగిలిన అడిటివ్ పెట్రోలును కూడా నిల్వ పెట్టకండి. ఆయిల్ కలిపినదైతే తర్వాతి వేటకు వాడే తాజా పెట్రోలులో కలిపి కొద్ది రోజుల్లోనే ఖర్చు చేయండి, ఆయిల్ కలపనిదైతే మోటార్‌సైకిల్‌లో కూడా పోసుకోవచ్చు. అడిటివ్ డబ్బాను మూత బిగించి, పిల్లలకు అందని చోట, ఎండ తగలకుండా పెట్టండి.